రాజు ఒక్కసారి దూకవచ్చు

జూలై 9

పరామర్శలు అయిపోయాయి. ఇక రాసుకోవచ్చు.

తమ్ముడు పోయినప్పటి నుంచి ఈ డైరీ ముట్టుకోలేదు. దుఃఖం వల్ల కాదు, తీరిక లేక. వచ్చినవాళ్లందరూ ముందు కింద వాటాలో మరదలి దగ్గర కాసేపు కూర్చుని, ఆ తర్వాత మెట్లెక్కి నా దగ్గరికి వచ్చారు, ఒకే టికెట్టు మీద రెండు ఆటలు చూసినట్టు. పోస్టాఫీసులో చేసి రిటైరైన ఎదురింటాయన నా భుజం మీద చెయ్యి వేసి, "అన్నదమ్ములంటే మీరేనండీ" అన్నాడు. నేనూ తమ్ముడూ పద్దెనిమిదేళ్లుగా మాట్లాడుకోవడం లేదని ఈ వీధిలో తెలియనివాడు లేడు. ఎదురింటాయనకి అందరికంటే బాగా తెలుసు. అయినా అన్నాడు. పైగా కాఫీ బాగుందన్నాడు.

మా పత్రిక సంపాదకుడు ఫోన్ చేశాడు. నా చేతి కింద వాక్యం దిద్దుకోవడం నేర్చుకున్నవాడు. "మీ తమ్ముడుగారి గురించి మీరే ఒక ముక్క రాసివ్వాలి సార్. మీకంటే ఎవరు రాస్తారు?" అన్నాడు. అదీ నిజమే. ఆ పత్రికలో చనిపోయినవాళ్ల గురించి ఏళ్ల తరబడి నేనే రాశాను. కింద పేరుండేది కాదు. నోరు తెరిస్తే తిట్టు తప్ప రానివాళ్లని మృదుభాషులని రాశాను. పెళ్లాన్ని కొట్టేవాడొకణ్ణి కుటుంబమే లోకంగా బతికాడని రాశాను. మర్నాడు అతని భార్య ఆ కాగితం కత్తిరించి దాచుకుందని విన్నాను.

ఆలోచిస్తానన్నాను.

మెట్ల మలుపులో బల్ల అలాగే ఉంది. మూత వాడివైపే ఉంది.

జూలై 10

మూత వాడివైపే ఉంది.

జూలై 12

నిద్ర బాగానే పట్టింది. నాకేమీ బాధ లేదు. డెబ్భై అయిదేళ్ల మనిషి పోయాడు, అంతే.

బల్ల సంగతి ఎక్కడా రాసి పెట్టలేదని ఇవాళ గుర్తొచ్చింది. రేపు నేనూ పోతే పాత సామాన్లవాడు తూకం వేసి తీసుకుపోతాడు. కాబట్టి రాస్తున్నాను.

మేడ మెట్లు సగం దూరం వచ్చాక మలుపు తిరుగుతాయి. అక్కడ వీధివైపు ఒక కిటికీ, దాని ముందు వెడల్పాటి అరుగు. నాన్న చదరంగం బల్ల తెచ్చి ఆ అరుగు మీద పెట్టాడు. కూర్చుని ఆడడానికి మనమేం జమీందార్లం కాదు, వస్తూ పోతూ ఆడండి అన్నాడు. ఎక్కేవాడో దిగేవాడో మలుపులో నిలబడి చూసి, ఒక ఎత్తు వేసి పోవాలి. ఎవరి వంతో తెలియడానికి నీలం రంగు సీసా మూత ఒకటి. ఎత్తు వేసినవాడు మూతని అవతలివాడి వైపు జరపాలి. తెల్లవి నావి, నల్లవి తమ్ముడివి. నల్ల ఏనుగుల్లో ఒకటి ఎప్పుడో పోయింది. దాని చోట ఖాళీ దారపు రీలు నిలబడి ఉంటుంది. మరదలు బట్టలు కుడుతుంది, ఆమె రీలే.

ఇంకొకటి. బయట ఎక్కడా ఆడని పద్ధతి ఒకటి నాన్న మాకు నేర్పాడు. రాజుకి ఒక్కసారి కూడా చెక్ తగలకుండా ఉంటే, ఆట మొత్తంలో ఒకే ఒక్కసారి, రాజు గుర్రంలా దూకవచ్చు. ఒక్కసారే. ఎప్పుడు దూకాలో వాడిష్టం. కాలేజీలో ఇలా దూకబోతే నవ్వారు. ఇంటికొచ్చి నాన్నని అడిగాను. "వాళ్ల రాజులకి కాళ్లు లేవు, మనమేం చేస్తాం" అన్నాడు.

ఈ పద్ధతి తెలిసినవాళ్లు ముగ్గురే. ఇప్పుడు నేనొక్కణ్ణే.

జూలై 15

ఎదురింటాయన మళ్లీ వచ్చాడు. "మీ ఇద్దరికీ అసలు ఎక్కడ చెడిందండీ?" అన్నాడు, అదేదో నిన్నటి పేపర్లో పడ్డట్టు. గుర్తులేదన్నాను. గుర్తు లేకేం.

నా అరవయ్యో ఏట పత్రికవాళ్లు సన్మానం చేశారు. బంధువుల తరఫున తమ్ముణ్ణి మాట్లాడమన్నారు. వాడు సర్వే శాఖ మనిషి. ఎండలో గొలుసు పట్టుకుని పొలాలు కొలవడం తప్ప మైకు ఎరగడు. నిలబడి, గొంతు సవరించుకుని, "మా అన్నయ్య మొదటినుంచీ అక్షరాల మనిషేనండీ, ఆరో తరగతిలోనే ఎవరి పద్యమో తనదని చదివి ప్రైజు కొట్టేశాడు" అన్నాడు. హాలంతా నవ్వింది. ఇప్పటి ఈ సంపాదకుడు కళ్లు తుడుచుకుని మరీ నవ్వాడు.

అసలు జరిగింది అది కాదు. అందులో రెండు చరణాలు నావి.

ఇంటికొచ్చాక మెట్ల దగ్గర, "నవ్వించడానికి చెప్పా అన్నయ్యా" అన్నాడు. నేను పైకి వెళ్లి తలుపేసుకున్నాను. ఆ తర్వాత కొన్నాళ్లకి చూస్తే బల్ల మీద నల్ల బంటు ఒకటి కదిలి ఉంది, మూత నావైపు ఉంది. నేనూ ఒక బంటు కదిపాను. మాట పోయింది గానీ ఆట పోలేదు. మలుపులో ఎదురుపడకుండా ఒక ఏర్పాటు కూడా దానంతట అదే వచ్చింది. మెట్లు దిగేముందు నేను పైన దగ్గేవాణ్ణి. వాడు ఎక్కేముందు కింద దగ్గేవాడు. దగ్గు వినపడితే రెండోవాడు ఆగేవాడు. ఎవరూ చెప్పుకోలేదు.

ఇవాళ కూడా దిగేముందు దగ్గాను. ఎందుకో.

జూలై 16

నిన్నటి లెక్కలో ఒకటి వదిలేశాను.

మూడేళ్ల కిందట ఒక పొద్దున వాడు దగ్గకుండా వచ్చాడు. మలుపులో ఎదురుపడ్డాం. నన్ను చూసి నవ్వి, "స్కూలుకి టైమవలేదా అన్నయ్యా?" అన్నాడు.

అన్నేళ్ల తర్వాత మొదటి మాట అది. మళ్లీ ఆ స్కూలే, ఆ పద్యమే. మనిషిలో విషం ఎంతకాలం చెడిపోకుండా ఉంటుందో అప్పుడు తెలిసింది. నేను పక్కనుంచి దిగిపోయాను. వీధి చివరిదాకా వెళ్లినా నా చెవుల్లో వేడి తగ్గలేదు.

ఇది రాసి పెట్టుకోవాలి, పోయాడు కదా అని మాఫీ అయిపోకూడదు. రాశాను.

జూలై 18

సంపాదకుడికి ఇద్దామని మొదలుపెట్టాను. ‘సర్వే శాఖలో సుదీర్ఘకాలం సేవలందించి’ అని రాశాను. కొట్టేశాను. ‘సౌమ్యుడు’ అని రాశాను. ఇలాంటి మాటలు ఎవరెవరికి వాడానో గుర్తొచ్చి చెయ్యి ఆగిపోయింది. ఎంగిలి కంచంలో వడ్డించినట్టు ఉంది.

వాడి గురించి మెచ్చుకోదగ్గది ఒకటుంది, అది పత్రికలో రాసేది కాదు. ఈ మూడేళ్లలో వాడి ఆట మారింది. మొదట్లో వాడిది ఆబ. ఏది కనపడితే అది తినేసి, ఆ తర్వాత తలపట్టుకునేవాడు. ఈమధ్య తినడం మానేశాడు. నేను బంటుని ఎరగా పెడితే దాన్ని చూడనట్టే పక్కనుంచి పోయేవాడు. గుర్రాల్ని మధ్యలోకి తెచ్చి ఊరికే నిలబెట్టేవాడు, అవి ఏంచేస్తాయో తోచక నేనే తప్పులో పడేవాణ్ణి. అది అచ్చం నాన్న ఆట. ముసలితనంలో బుద్ధొచ్చిందనుకున్నాను. వరసగా నాలుగైదు ఆటలు నన్ను ఓడించాడు. కోపం రాలేదు. రోజూ పొద్దున లేవగానే మలుపు దగ్గరికి వెళ్లి మూత ఎటుందో చూడాలనిపించేది.

వాడి మీద నాకు గౌరవం కలిగింది ఈ మూడేళ్లలోనే. వాడికి ఆ సంగతి తెలియదు. తెలియక్కర్లేదు కూడా.

జూలై 19

మూత వాడివైపే.

జూలై 21

కింద కుట్టుమిషన్ మోగడం లేదు. మరదలు బళ్లకి యూనిఫారాలు కుట్టే దుకాణం పని ఇంటికి తెచ్చుకుంటుంది. నలభై ఏళ్లకి పైగా ఆ టకటకల మధ్య చదువుకున్నాను. ఆగితే బాగుండునని అనుకోని రోజు లేదు. ఆగింది. ఇవాళ ఒకే పేజీ మూడుసార్లు చదివాను.

తమ్ముడి కొడుకు వచ్చాడు. లిఫ్టు మెకానిక్. రోజంతా జనాన్ని పైకీ కిందికీ పంపే పని కాబట్టి మా మెట్లెక్కడం వాడికి చిన్నతనం, రొప్పుతూ వచ్చాడు.

"పెదనాన్నా, అమ్మని మా ఇంటికి తీసుకెళ్లిపోదామనుకుంటున్నా. ఇక్కడ ఒక్కతే ఏం ఉంటుంది?"

"మంచిది" అన్నాను.

"కింద వాటా పళ్ల డాక్టరు అద్దెకి అడుగుతున్నాడు. మంచాయన."

"పళ్లు పీకేవాళ్లలో మంచివాళ్లు కూడా ఉంటారా?"

"మీరలా అంటారని అమ్మ చెప్పింది" అన్నాడు నవ్వుతూ. తర్వాత కొంచెం నసిగాడు. "ఆ మలుపులో కిటికీ ఉంది కదా, అక్కడ ఆయన పేరుబోర్డు పెట్టుకుంటాడట. వీధిలోకి కనపడుతుందని. ఆ చెక్కసామాను మీరు పైకి తీసుకెళ్తారా, మరి..."

చెక్కసామాను.

"చూద్దాంలే" అన్నాను.

వాడు వెళ్లాక ఆలోచించాను. మరదలు వెళ్లిపోవడమే మంచిది. ఉప్పూ కారం తప్ప ప్రపంచం ఎరగని మనిషి. ఈ ఇంటికొచ్చి ఇన్నేళ్లలో ఆమె నాతో అన్న మాటలు ఒక కార్డు ముక్క మీద పడతాయి. నీళ్లొచ్చాయి. కరెంటు పోయింది. మీకు పార్సిలొచ్చింది. ఉన్నా లేకపోయినా నాకు తేడా ఏమిటి.

బల్లని పైకి తేవచ్చు. తెచ్చి ఏంచేసుకోను? మెట్లు లేనిచోట అది ఆట కాదు.

జూలై 26

మూత నావైపు ఉంది.

జూలై 27

నిన్న రాయలేకపోయాను. ముందు గాలికి దొర్లిందేమో అనుకున్నాను. కిటికీ వేసే ఉంది. బల్ల చూశాను. నల్ల ఒంటె మూలనుంచి బయటికి వచ్చి నిలబడి ఉంది.

ఎవడో వెటకారం చేస్తున్నాడు. చచ్చినవాడి చెప్పుల్లో కాళ్లు పెట్టడం లాంటిది ఇది. తమ్ముడి కొడుక్కి ఫోన్ చేసి, "బల్ల ముట్టుకున్నావా?" అన్నాను.

"ఏ బల్ల పెదనాన్నా?"

"చదరంగం."

"నాకు క్యారమ్సే సరిగా రాదు. మీ ఒంట్లో బాగానే ఉందా?"

బాగానే ఉందన్నాను. ఫోన్ పెట్టేశాక మళ్లీ వెళ్లి చూశాను. చాలాసేపు నిలబడ్డాను. మంచి ఎత్తు. పిచ్చివాడు వేసింది కాదు.

ఒంటెని వెనక్కి పెట్టేద్దామని చెయ్యి చాచి, నా ఏనుగుని జరిపి వచ్చాను. మూత అటు తోశాను.

జూలై 29

ఒక పరీక్ష పెట్టాను. నా గుర్రాన్ని తీసుకెళ్లి నల్ల మంత్రి నోటికి అందేలా వదిలేశాను. ఏమీ తెలియనివాడైతే తింటాడు. కొంచెం తెలిసినవాడైతే ఇంకా తొందరగా తింటాడు.

మధ్యాహ్నానికి మూత నావైపు వచ్చింది. తినలేదు. పక్కన ఒక బంటు ఒక్క గడి ముందుకొచ్చింది, నా గుర్రం తిరిగి పోవలసిన గడిని కాస్తూ.

ఊరికే వచ్చింది ఎందుకొచ్చిందో చూడు, అనేవాడు నాన్న.

కింద మిషన్ మోగుతోంది. కొత్త ఆర్డరు కాబోలు.

ఆగస్టు 2

నల్ల రాజు దూకింది.

ఆగస్టు 3

ముందు నిన్నటిది. నా మంత్రీ ఏనుగూ కలిసి నల్ల రాజుని మూలకి తోస్తున్నాయి. ఇంకొక్క ఎత్తులో చెక్ ఇచ్చేవాణ్ణి. చెక్ తగిలిందంటే దూకే హక్కు పోతుంది. సరిగ్గా దానికి ముందు, నల్ల రాజు గుర్రంలా రెండు గడులు నిలువూ ఒక గడి అడ్డం దూకి బంటుల వెనక కూర్చుంది. నాన్న కూడా అలాగే ఆఖరి ఊపిరి దాకా ఆగి దూకేవాడు. మెట్టు మీద కూర్చుండిపోయాను. నేను దయ్యాల్ని నమ్మను. నమ్మేవాళ్ల గురించి గతంలో సంపాదకీయాలు రాశాను. అయినా ఆ మెట్టు మీద కూర్చుని, ‘ఒరేయ్, నువ్వేనా’ అనుకున్నమాట నిజం.

ఇవాళ పొద్దున నా ఎత్తు వేసి పైకి వచ్చేశాను. తర్వాత చెప్పులు విప్పి, దగ్గకుండా దిగాను. మలుపుకి నాలుగు మెట్లు పైన గోడకి ఆనుకుని నిలబడ్డాను.

మరదలు వచ్చింది. మేడ మీద ఆరేయడానికి తడిబట్టల బుట్ట చంకన పెట్టుకుని ఎక్కుతోంది. మలుపులో బుట్ట దించింది. చెయ్యి తుడుచుకుంది. బల్లని చూసింది, పొయ్యి మీదున్నది ఉడికిందో లేదో చూసినట్టు. దారపు రీలుని తీసి మూడు గడులు జరిపింది. మూత నావైపు తోసింది. బుట్ట ఎత్తుకుని తలెత్తేసరికి నేను.

"దగ్గలేదేం బావగారూ?" అంది.

"ఎప్పటినుంచి?" అన్నాను.

బుట్ట మళ్లీ దించింది. "మూడేళ్లవుతుంది."

"మరి వాడు?"

ఆమె కిటికీలోంచి బయటికి చూస్తూ చెప్పింది. గొంతులో ఏడుపు లేదు. నీళ్లొచ్చాయి, కరెంటు పోయింది అని చెప్పే గొంతే అది.

"ఆయనకి మతిమరుపు వచ్చింది బావగారూ. మొదట తాళాలు, కళ్లజోడు. తర్వాత పేర్లు. ఒకరోజు ఇక్కడ నిలబడి గుర్రాన్ని చేత్తో పట్టుకుని చాలాసేపు అలాగే ఉండిపోయారు. నేను పిలవడానికి వచ్చా. ‘ఇది ఎటు వెళ్తుంది?’ అనడిగారు. చెప్పాను. చెప్తే ఏడ్చారు. ‘అన్నయ్యకి చెప్పొద్దు, ఆట ఆపేస్తాడు’ అన్నారు. ఆ రోజు ఎత్తు నేను వేశా. మర్నాడూ వేశా. అలా అలవాటైపోయింది."

"నాకు చెప్పచ్చుగా."

"చెప్పొద్దన్నారుగా" అంది. "పొద్దున్నే అడిగేవారు, అన్నయ్య వేశాడా అని. వేశారంటే ఆ రోజు బాగా అన్నం తినేవారు. నా పేరు మరిచిపోయాక కూడా అదడిగేవారు."

"నీకీ ఆట ఎవరు నేర్పారు?"

"మామయ్యగారు."

"నాన్నా? నీకా?"

"నేను కాపరానికొచ్చిన కొత్తలో. మీరిద్దరూ ఆఫీసులకి వెళ్తే మధ్యాహ్నాలు ఆయనకి తోచేది కాదు. నేను మిషన్ మీద ఉంటే పక్కన బల్ల పెట్టుకుని కూర్చునేవారు. ఒక చొక్కాకి ఒక ఎత్తు. మీరు వచ్చే వేళకి బల్లని ఎలా ఉన్నదలా సర్ది ఇక్కడ పెట్టేసేవారు."

"ఎప్పుడూ అనలేదే నాతో."

"మీరెప్పుడైనా అడిగారా బావగారూ?" అంది. దెప్పుతున్నట్టు కాదు, నిజంగా తెలుసుకోవాలన్నట్టు.

"ఆయన పోయిననాడు మూత మావైపే ఉంది. వంతు అలా వదిలేసి వెళ్తే బాగుండదనిపించింది. మీకు కోపం వస్తే ఇంక ముట్టుకోను."

కోపం లేదన్నాను. ఆమె బుట్ట తీసుకుని పైకి వెళ్లింది. తడిబట్టల నీళ్లు మెట్టుమెట్టుకీ చుక్కలు చుక్కలుగా పడ్డాయి. నేను కాసేపు అవి ఆరేదాకా అక్కడే ఉన్నాను.

ఆగస్టు 4

స్కూలుకి టైమవలేదా అన్నయ్యా.

ఆగస్టు 5

మేం ఇదే ఇంట్లో పుట్టాం. వాడికి ఆరేళ్లు, నాకు తొమ్మిది. వాడు ఒక్కడూ స్కూలుకి వెళ్లడానికి భయపడేవాడు. తెల్లారేసరికి సంచీ భుజాన వేసుకుని, మెట్ల మలుపులో నిలబడి, పైకి చూస్తూ అడిగేవాడు. ప్రతిరోజూ. నేను దిగేదాకా అడుగుతూనే ఉండేవాడు. సెలవురోజు కూడా మరిచిపోయి సంచీ తగిలించుకుని వచ్చేవాడు. అప్పుడు నేను పైనుంచి, "ఇవాళ సెలవు రా" అనేవాణ్ణి. వాడు సంచీ అక్కడే విసిరేసి, మలుపులోంచి కిందికి ఒక్క దూకు దూకేవాడు.

మూడేళ్ల కిందట మలుపులో నిలబడ్డప్పుడు వాడి భుజానికి ఏదో ఉంది. నాకు ఇప్పుడు బాగా గుర్తొస్తోంది. గుడ్డసంచీ. సంతకి వెళ్తున్నాడనుకున్నాను.

ఆగస్టు 6

ఏమీ చదవలేదు.

ఆగస్టు 7

సంపాదకుడికి పంపించాను. మూడే వాక్యాలు. ఫలానా శాఖలో పనిచేశారు. భార్యా కొడుకూ ఉన్నారు. చివరిదాకా అన్నగారితో చదరంగం ఆడారు.

సంపాదకుడు ఫోన్ చేసి, "ఇంత చిన్నదా సార్? ఇంకేమైనా... సౌమ్యులు, స్నేహశీలి, అలాంటిది?" అన్నాడు.

"వద్దు" అన్నాను.

"సభలో ఆయన ఆ పద్యం సంగతి చెప్పినప్పుడు మీరు కోపం తెచ్చుకున్నారని అనుకునేవాళ్లం సార్. భలే నవ్వించారు ఆ రోజు."

"బాగా చెప్పాడు" అన్నాను. ఒక చరణం మాత్రం నిజంగా నాదే.

మూడో వాక్యం మళ్లీ మళ్లీ చూసుకున్నాను. ఇన్నేళ్లలో నేను రాసినవాటిలో అబద్ధం లేనిది ఇదేననుకుంటాను.

ఆగస్టు 8

ఆదివారం బండి తెస్తున్నాడట తమ్ముడి కొడుకు. పళ్ల డాక్టరు వచ్చి కింద గదులు చూసుకుపోయాడు. మలుపులో నిలబడి టేపుతో కిటికీ కొలిచాడు. బల్ల మీద మోచెయ్యి ఆనిస్తే, "అది ముట్టుకోకండి" అన్నాను పైనుంచి. పన్ను పీకినట్టు ఉలిక్కిపడ్డాడు.

మూత నావైపు ఉంది. ఎత్తు తోచడం లేదు.

ఆగస్టు 9

ఎత్తు తోచడం లేదు.

అబద్ధం. నా ఎత్తు ఏదైనా సరే, ఇంకో రెండెత్తుల్లో ఆట కట్టు. ఆమె ఏనుగులు, రీలుతో సహా, రెండు వరసలూ పట్టేశాయి. నేను ఏదో ఒకటి వేస్తే ఆట అయిపోతుంది. ఆట అయిపోతే ఆమె నిశ్చింతగా వెళ్లిపోతుంది. నేను వేయకపోతే మూత నావైపే ఉంటుంది.

పంతం కాదు. ఆలోచిస్తున్నాను.

ఆగస్టు 10

సాయంత్రం దగ్గి దిగాను. ఆమె మలుపులో కిటికీ గుడ్డతో తుడుస్తోంది. దగ్గు విని కూడా వెళ్లలేదు.

"ఎత్తు వేయలేదేం బావగారూ?"

"చూస్తున్నాను."

"ఎల్లుండి నేను వెళ్లిపోతున్నా కదా. ఈలోపల అవుతుందనుకున్నా."

"అవడానికేముంది, అయిపోయింది. ఓడిపోయాను."

ఆమె గుడ్డ మడిచింది. బల్లకేసి చూసింది, నాకేసి చూడలేదు. "మీ రాజు ఇంకా దూకలేదు" అంది.

"చెక్ తగిలిందిగా, హక్కు పోయింది. ఒంటెతో ఇచ్చావు."

"అది పోయిన ఆటలో. ఆయన ఆస్పత్రిలో చేరకముందు. ఈ ఆటలో మీకు ఇంకా తగల్లేదు బావగారూ."

నేను వెతికాను. మొదటి ఎత్తు నుంచి మనసులో మళ్లీ ఆడుకుంటూ వచ్చాను. నిజమే. తగల్లేదు.

"గెలిచే ఆట చేతిలో పెట్టుకుని అవతలివాడికి దారి చెప్తారా ఎవరైనా? నాన్న ఇదే నేర్పాడా?"

"మామయ్యగారు నాకెన్నిసార్లు చెప్పారో. లేకపోతే ఆట సాయంత్రం దాకా ఉండేది కాదుగా" అంది. గుడ్డ దులిపి కిందికి వెళ్లింది.

ఆగస్టు 12, ఆదివారం

పొద్దున్నే బండి వచ్చింది. తమ్ముడి కొడుకూ ఇంకో మనిషీ మంచం, బీరువా బయటికి తెచ్చారు. నేను కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాను. నాకు పనేముంది. తర్వాత కుట్టుమిషన్ తెచ్చారు. దాన్ని వీధిలో దించి, చక్రం తిరక్కుండా తాడు కడుతున్నారు. అది చూసి లేచాను.

దగ్గలేదు. వీధిలోకి వెళ్లేసరికి నాకు ఊపిరి అందలేదు.

"ఏం పెదనాన్నా, ఏమైనా కావాలా?" అన్నాడు వాడు.

"మీ అమ్మ ఎక్కడ?"

ఆమె గుమ్మంలోకి వచ్చింది, చేతిలో ఇంటి తాళం.

నేను జీవితమంతా మాటలతో బతికినవాణ్ణి. ఒక్కటీ రాలేదు. చివరికి వాడితోనే అన్నాను, ఆమెకి వినపడేలా. "ఆట ఇంకా అవ్వలేదురా."

"ఏ ఆట?"

"మీ నాన్నది. మీ అమ్మ ఆడుతోంది. మధ్యలో తీసుకెళ్లడానికి వీల్లేదు."

వాడు వాళ్లమ్మకేసి చూశాడు. "అమ్మా, నువ్వు చదరంగం ఆడతావా?"

"నువ్వెప్పుడైనా అడిగావా?" అంది.

"సరే, ఎంతసేపు పడుతుంది? బండివాణ్ణి ఆగమంటా."

"మీ పెదనాన్న ఒక్క ఎత్తు వేయడానికి వారం తీసుకుంటార్రా" అంది ఆమె. "నాకు ఈ నెల దుకాణం పని కూడా ఉంది. ఆ డాక్టరుకి ఇంకెక్కడైనా చూసుకోమను."

"అమ్మా, ఒక్కదానివే ఇక్కడ..."

"ఒక్కతే ఏమిట్రా, నేను లేనూ?" అన్నాను.

వాడు నన్నూ ఆమెనూ మార్చి మార్చి చూశాడు. లిఫ్టు రెండు అంతస్తుల మధ్య ఆగిపోతే ఇలాగే చూస్తాడు కాబోలు. తర్వాత బండివాడితో, "ముందు ఆ మిషన్ లోపల పెట్టు" అన్నాడు.

మంచం లోపలికి పోతుంటే గుమ్మం దగ్గర అడ్డం తప్పుకున్నాను.

ఆగస్టు 14

పొద్దున కింద మిషన్ మొదలయ్యాక దిగాను. మలుపులో ఆగి, నా రాజుని రెండు గడులు నిలువూ ఒక గడి అడ్డం దూకించాను. మూత అటు తోశాను. ఓడిపోవచ్చు. ఇప్పుడే కాదు.

వెంటనే వెళ్లబుద్ధి కాలేదు. కిటికీలోంచి ఎండ పడి బల్ల సగం వెచ్చబడింది. వాడు సంచీ తగిలించుకుని నిలబడ్డది ఇక్కడే, ఆరేళ్లప్పుడూ, మూడేళ్ల కిందటా. నేనొక్క మాట చెప్తే సరిపోయేది. చెప్పడానికి ఎంతో చదువు కూడా అక్కర్లేదు.

"ఇవాళ సెలవు రా" అన్నాను. కొంచెం గట్టిగానే అన్నాను.

కింద మిషన్ ఒక్క క్షణం ఆగింది. తర్వాత మళ్లీ మోగింది.